ఆపా ఆపలేదు

ఆపా పోయిందన్న కబురు నాకు క్లాసులో ఉండగా అందింది. జగిత్యాలలో నేను తెలుగు చెప్పే డిగ్రీ కాలేజీలో అప్పుడే మొదటి పీరియడ్ మొదలైంది. కోరుట్ల నుంచి ఆపా తమ్ముడి భార్య ఫోన్. క్లాసులో ఫోన్ ఎత్తే అలవాటు నాకు లేదు. ఆ పొద్దు ఎందుకో ఎత్తాను. "ఆపా గుజర్ గయీ," అన్నది. నాకు అర్థమైందో లేదో అని మళ్లీ తెలుగులో చెప్పింది. "పొద్దుగాల చాయ్ ఇద్దామని లేపిన అక్కా. లేవలే."

బయటికి వచ్చి అమ్మకు ఫోన్ చేశాను. అమ్మ సిరిసిల్లలో ఉంటుంది. మా గల్లీ నిండా సాంచెలే. మరమగ్గాలను మా దగ్గర అట్లాగే అంటారు. ఎప్పుడు ఫోన్ చేసినా అమ్మ గొంతు కంటే ముందు వాటి చప్పుడు వినపడుతుంది. చెప్పాను. తర్వాత అమ్మ అడిగిన మొదటి మాట ఇది:

"కెమెరా ఎవల దగ్గరున్నది?"

"ఇంట్లనే ఉంటదే."

"ఎవలకు ఇయ్యద్దని చెప్పు. ఎవడో ఒగడు అచ్చి అడుగుతడు సూడు."

అమ్మ అన్నట్లే అయింది. శవం ఇంకా ఇంట్లో ఉండగానే ఒకాయన వచ్చాడట. గల్ఫ్‌కు మనుషుల్ని పంపించే ఏజెంట్ల తరఫున వచ్చానని మాత్రం చెప్పలేదు. ఆపా తీసిన సినిమాలన్నీ భద్రంగా దాచిపెడతామనీ, ఆ హార్డ్ డిస్కులు తమకిచ్చేయమనీ అడిగాడు. ఆపా మరదలు తలుపు సగమే తీసి, "దాసుడు మాకు గూడ అస్తది భాయ్," అని మూసేసింది.

ఇంకో పని కూడా జరిగింది. మధ్యాహ్నానికల్లా కోరుట్ల చౌరస్తాలో ఫ్లెక్సీ లేచింది. ఆపా ఫోటో, ఎర్ర గులాబీలు, 'మన ప్రాంత ముద్దుబిడ్డకు అశ్రునివాళి'. కింద చేతులు జోడించి నిలబడ్డ పెద్దమనుషుల ముఖాలు ఆపా ముఖం కంటే పెద్దగా ఉన్నాయి. వాళ్లలో ఇద్దరు నాకు బాగా తెలుసు. ఒకరు ఆపా సినిమా వేయడానికి ఫంక్షన్ హాలు ఇస్తానని చెప్పి, ఆ రోజు పొద్దున తాళం వేసుకుని పోయినాయన. ఇంకొకరు 'ఊరి పరువు తీస్తున్న ఆడది' అని మైకులో అన్నాయన. బతికుండగా తాళం వేసిన చేతులే ఇప్పుడు జోడించి ఉన్నాయి. అందుకే ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను. ఆపాను ఆ ఫ్లెక్సీకి వదిలేయలేను.

ఆపా అంటే ఉర్దూలో అక్క. కోరుట్లలో ఆమెను పేరు పెట్టి పిలవడం నేను వినలేదు. పసిపిల్లల నుంచి పోలీసుల దాకా అందరికీ ఆపానే. "మీ తెలుగుల నన్ను పిలిస్తే ఆపుమన్నట్టే ఉంటది. ఎంతమంది పిలిస్తే అంతమంది ఆపుమన్నట్టే. గందుకే నేను ఆప," అని నవ్వేది.

వాళ్ల నాయనకు కోరుట్లలో ఫోటో స్టూడియో ఉండేది. ముస్లింల పెళ్లిళ్లలో ఆడవాళ్లు కూర్చునే వైపు మగవాళ్లు కెమెరా పట్టుకుని పోరు. అందుకని ఆయన కూతురికే వీడియో తీయడం నేర్పించాడు. కొన్నేళ్లపాటు కోరుట్ల, మెట్‌పల్లి చుట్టుపక్కల ఏ ఇంట్లో పెళ్లయినా ఆడవాళ్ల వైపు కెమెరా ఆపాదే. పెళ్లికూతురు ముఖం మీద లైటు వేసి దగ్గరగా చూడటం ఆమెకు అట్లా అలవాటైంది. క్యాసెట్ తయారయ్యాక పెళ్లివాళ్లు వచ్చి, ఇక్కడ పిల్ల ఏడుస్తున్నది తీసెయ్యి, అక్కడ అత్త గట్టిగా మాట్లాడుతున్నది తీసెయ్యి అనేవాళ్లట. "వాళ్లు తీసెయ్యమన్న ముక్కలన్ని ఒక్కదగ్గర అతికిస్తే గదే అసలు సినిమా బిడ్డా," అని నాకు చెప్పింది ఒకసారి. ఆమె నేర్చుకున్న సినిమా విద్య అంతా ఆ మాటలో ఉందని నాకు అనిపిస్తుంది.

మొదటి సినిమా సొంత ఇంటి మీదే తీసింది. ఆపా అన్నను గల్ఫ్‌కు పంపించింది వాళ్ల సొంత మేనమామ. దుకాణంలో కూర్చునే పని అని చెప్పి పంపాడు. అక్కడ అన్నను ఎండలో ఇనుము మోసే పనికి పెట్టారు. ఏడాది తిరగకముందే పెట్టెలో వచ్చాడు. పెట్టె హైదరాబాదు నుంచి అంబులెన్సులో కోరుట్ల చేరేసరికి ఆపా పెళ్లిళ్ల కెమెరా భుజాన పెట్టుకుని గుమ్మంలో నిలబడింది. చుట్టాలు తిట్టారు. అన్న శవాన్ని వీడియో తీయడానికి సిగ్గు లేదా అన్నారు. "ఆయన పెండ్లి తీసినప్పుడు మంచిగ తీసినవన్నరు గదా. గిది గూడ ఆయనదే," అన్నదట ఆపా. అన్న ఖననం అయ్యాక కెమెరా ఆపకుండానే మేనమామ ఇంటికి పోయింది. "మామూ, ఏ పని అని జెప్పి పంపినవు?" అని అడిగింది. ఆయన లెన్సు మీద చెయ్యి అడ్డం పెట్టాడు. ఆ సినిమా అక్కడే అయిపోతుంది. తెర నిండా ఒక అరచెయ్యి, వెనుక ఆపా గొంతు అడుగుతూనే ఉంటుంది.

ఆ సినిమా తర్వాత చుట్టాలు ఆమెను పెళ్లిళ్లకు పిలవడం మానేశారు. కెమెరా పట్టుకునీ రానీయలేదు, చుట్టంగానూ రానీయలేదు. తమ్ముడూ మరదలూ మాత్రం వదిలిపెట్టలేదు. బడుల వార్షికోత్సవాలు, బీడీ కంపెనీల దసరా పూజలు తీసి ఆ సంపాదనతో తను తీయాలనుకున్నవి తీసింది. ఏ చానెలూ, ఏ సంస్థా వెనుక లేదు. అట్లాంటి సినిమాల కోసం తిరుగుతూనే ఒకరోజు సిరిసిల్లలో మా ఇంటి తలుపు కొట్టింది.

మా గురించి చెప్పాలి ఇప్పుడు. మాది చందుర్తి దగ్గర ఒక ఊరు. నేను ఇంటర్ చదువుతున్నప్పటి మాట. మా బాపు మస్కట్‌లో ఉండేవాడు. అమ్మ బీడీలు చేసేది. పక్కింట్లో ఒక పిల్లవాడికి జ్వరం వచ్చింది. అమ్మ పోయి వాడి నుదుటి మీద తడిగుడ్డ వేసి, కొంచెంసేపు దగ్గర కూర్చుని వచ్చింది. కొన్నాళ్లకు పిల్లవాడు చనిపోయాడు. ఊళ్లో ఎవరు మొదలు పెట్టారో తెలియదు. 'ఆమె ముట్టుకున్నంకనే సచ్చిండు' అన్న మాట బయలుదేరింది. అది చేతబడి అయింది. ఒకరోజు పట్టపగలు మగవాళ్లు మా వాకిట్లోకి వచ్చారు. పళ్లు ఊడగొడితే మంత్రం పనిచేయదని మా వైపు ఒక నమ్మకం. మా అమ్మ ముందరి పళ్లు రాయితో ఊడగొట్టారు. అంతకంటే ఆ రోజు గురించి రాయను. అమ్మ నోటి నుంచి నెత్తురు కారుతుండగా నేను ఆమెను ఆటోలో వేసుకుని సిరిసిల్ల దవాఖానకు తీసుకుపోయాను. మళ్లీ ఆ ఊళ్లో కాపురం పెట్టలేదు.

కేసు అయింది. పేపర్లవాళ్లు వచ్చారు, టీవీలవాళ్లు వచ్చారు. అందరూ అమ్మను కొంగు ముఖం మీద కప్పుకోమన్నారు. "నీ మంచికేనమ్మా," అన్నారు. అమ్మ కప్పుకుని మాట్లాడింది. టీవీలో నల్లటి నీడలాగా కనిపించింది. వెనుక భయపెట్టే సంగీతం పెట్టారు. అది చూశాక అమ్మ ఎవరితోనూ మాట్లాడటం మానేసింది.

ఆపా వచ్చినప్పుడు కూడా మాట్లాడలేదు. ఆపా కెమెరా సంచిలోంచి తీయనే లేదు. అమ్మ చేటలో బీడీ ఆకు కత్తిరిస్తుంటే పక్కన కూర్చుని తనూ కత్తెర అందుకుంది. కోరుట్లలో బీడీలు చేయడం రాని ఆడపిల్ల లేదు. "నీ తీరు కోరుట్ల తీరు. ఆకు ఎక్కువ వోతది," అని అమ్మ అన్నది. మా ఇంట్లో ఒక కొత్త మనిషితో అమ్మ మాట్లాడటం అప్పటికి చాన్నాళ్లకు. ఆ తర్వాత ఆపా మళ్లీ వచ్చింది, మళ్లీ వచ్చింది. వచ్చినప్పుడల్లా ఆకు కత్తిరించి, చాయ్ తాగి పోయేది.

ఒకరోజు అమ్మే అడిగింది. "గా సంచిల ఏముంది? రోజు మోస్కస్తవు, రోజు మోస్కవోతవు."

"కెమెరా అక్కా."

"నన్ను తీస్తవా?"

"నువ్వు తియ్యిమంటె తీస్త. ముఖం నీది, ముచ్చట నీది. ముఖం కనవడద్దంటె గట్లనే తీస్త. తీసినంక వద్దన్నా సరే, తుడిచేస్త."

అమ్మ చేట పక్కన పెట్టింది. "ముఖం ఎందుకు దాసుడు? దాస్తే నేను చేసినట్టే అయితది. దొంగలు దాస్కుంటరు. నన్ను కొట్టినోళ్లు ఊర్లె మంచిగ తిరుగుతున్నరు, నేను కొంగు కప్పుకోవాల్నా? నోరు గూడ కనవడాలె. గిటు తీసుకో." అని పెదవులు వెనక్కి లాగి ఊడిన పళ్ల చోటు చూపించింది.

ఆపా వెంటనే తీయలేదు. నా వైపు తిరిగి, "నువ్వేమంటవు బిడ్డా? రేపు కాలేజీల నిన్ను గూడ అడుగుతరు," అన్నది. నన్ను ఎవరూ ఏదీ అడగని రోజులవి. తీయమన్నాను.

సాంచెల చప్పుడులో మాట సరిగా రికార్డు కాలేదు. గల్లీలో నేత పని చేసేవాళ్లకు ఆ సంగతి తెలిసి, అమ్మ మాట్లాడినంతసేపు సాంచెలు బందు పెట్టారు. ఎవరూ అడగలేదు. మా గల్లీ అంత నిశ్శబ్దంగా ఉండటం నేను అంతకుముందు ఎరగను. ఆ నిశ్శబ్దంలో అమ్మ మొత్తం చెప్పింది. మధ్యలో ఒకచోట ఏడుపు వచ్చింది. ఆపా వెంటనే కెమెరా దించేసి నీళ్లు తెచ్చింది. ఆ ఏడుపు సినిమాలో లేదు. "ఏడుపు అందరికి ఒక్క తీరుగనే ఉంటది. ముచ్చటనే ఎవలది వాళ్లకు ఉంటది. మనకు ముచ్చట కావాలె," అని తర్వాత నాకు చెప్పింది.

అంతటితో సినిమా అయిపోయిందనుకున్నాం. ఆపా మాత్రం మా ఊరికి పోతానన్నది. ఎవరి దగ్గరికి అని అడిగాను. "సచ్చిపోయిన పిల్లగాని తల్లి దగ్గరికి," అన్నది. నాకు కోపం వచ్చింది. వాళ్ల పిల్లవాడి పేరు చెప్పే కదా మా అమ్మను కొట్టారు అన్నాను. ఆపా స్కూటీ మీద కెమెరా సంచి కట్టుకుంటూనే, "ఆమె కొడుకు వోయిండు. ఆమెను గూడ ఎవలు అడగలే," అన్నది. అమ్మ గడపలో కూర్చుని అదంతా విన్నది. "వోనియ్యి," అన్నది నాతో.

సినిమా తయారయ్యాక దాన్ని మొదట హైదరాబాదులో వేస్తామని కొందరు అడిగారు. ఆపా ఒప్పుకోలేదు. ఎక్కడ జరిగిందో అక్కడే ముందు వేయాలన్నది. ఊళ్లో బడి ఇవ్వలేదు, పంచాయతీ ఆఫీసు ఇవ్వలేదు. చివరికి అమ్మతో కలిసి బీడీలు చేసిన ఒకామె తన వాకిలి ఇచ్చింది. మా గల్లీ నేతవాళ్లు మగ్గం మీది నుంచి అప్పుడే దించిన తెల్లబట్ట ఇచ్చారు. దాన్నే తెరగా కట్టాం. అమ్మ వస్తానన్నది. నేను వద్దన్నాను. "నా సినిమా నేను సూడద్దా?" అన్నది.

పొద్దుగూకుతుండగా జనం వచ్చారు. కొందరు చూడటానికి, కొందరు ఆపడానికి. అమ్మ ముందు వరుసలో చాప మీద కూర్చుంది. ఊరి పెద్ద ఒకాయన నేరుగా ఆపా దగ్గరికి వచ్చాడు.

"ఓ అమ్మా, నీకు మా ఊర్లె ఏం పని? మీ వాళ్ల ఇండ్లల్ల ముచ్చట్లు లేవా? గవి తీస్కో పో."

ఆపా వైర్లు కలుపుతూనే ఉన్నది. "తీసిన పటేలా. మొదలు గదే తీసిన. మా అన్న పీనుగ పెట్టెల అచ్చింది. ఆయనను అబద్ధం జెప్పి పంపింది మా సొంత మేనమామ. ఆయనను గూడ తీసిన. గిది అయినంక గది గూడ ఏస్త, కూసో."

ఆయన కూర్చోలేదు గానీ పోనూ లేదు. సినిమా మొదలైంది. అమ్మ ముఖం తెర మీదికి రాగానే వాకిలంతా సద్దుమణిగింది. కొంచెంసేపటికి కరెంటు పోయింది. ఊళ్లో మిగతా ఇళ్లలో బల్బులు వెలుగుతూనే ఉన్నాయి, మేమున్న ఇంటికే పోయింది. ఎవరి పనో అందరికీ తెలుసు. ఆపా నవ్వింది. "పెండ్లిలల్ల నిఖా మధ్యల ఎన్నిసార్లు వోయిందో కరెంటు," అని సంచిలోంచి బ్యాటరీ తీసి తగిలించింది. సినిమా మళ్లీ మొదలైంది.

అప్పుడు తెర మీదికి ఆ పిల్లవాడి తల్లి వచ్చింది. పెద్దాయన ముందుకొచ్చి తెరకు అడ్డంగా నిలబడ్డాడు. పిల్లవాడి తల్లి ముఖం సగం బట్ట మీద, సగం ఆయన చొక్కా మీద పడింది. "ఆపు! ఆపుమంటున్న!" అని అరిచాడు. వెనుక నుంచి ఎవరో ఆడమనిషి, "ఆపా ఆపదు గదా," అన్నది. ఒకరిద్దరు నవ్వారు. ఆయనకు ఇంకా కోపం వచ్చి, తెర కట్టిన తాడు పట్టుకున్నాడు.

జనంలోంచి పిల్లవాడి తల్లి లేచింది. ఆమె వచ్చిందని అప్పటిదాకా మాకు తెలియదు.

"తాడు ఇడిసిపెట్టు," అన్నది. "నా కొడుకు ముచ్చట అస్తున్నది. మీరందరు ఆని సావు గురించి మాట్లాడిండ్రు. నన్ను ఎవలన్న అడిగిండ్రా? ఆమె అడిగింది, నేను జెప్పిన. ఇంటే ఇనుండ్రి, లేకుంటె మీ ఇండ్లకు వోండ్రి."

పెద్దాయన తాడు వదిలి పక్కకు తప్పుకున్నాడు. తెర మీద ఆమె చెబుతున్నది: "దవాఖానకు తీస్కవోదామన్న. నా మాట ఇనలే. మంత్రమేసేటోని దగ్గరికి తీస్కవోయిండ్రు. ఆడ ఎన్ని దినాలు ఉంచిండ్రో. తిరిగి ఇంటికచ్చెటాళ్లకు పిల్లగాడు సల్లవడ్డడు. పక్కింటామె తడిగుడ్డ ఏసిన దినం మంచిగనే కండ్లు తెరిచిండు."

సినిమా అయిపోయాక జనం లేచిపోయారు. పిల్లవాడి తల్లి మా అమ్మ దగ్గరికి వచ్చి నిలబడింది. అమ్మ నోటి వైపు చూసింది. "ఆ దినం నేను ఇంట్లనే ఉన్న. నువ్వు ఒర్రుడు ఇనవడ్డది. నేను రాలే," అన్నది. అమ్మ ఆమె వైపు చూసి, "ఎట్లస్తవు. కొడుకు వోయిన తల్లివి," అన్నది. ఇద్దరూ పట్టుకుని ఏడవలేదు. తర్వాత ఆమె వాళ్ల ఇంటికి పోయింది, మేము సిరిసిల్లకు వచ్చాం. అదంతా ఆపా తీయలేదు. కెమెరా అప్పటికే సంచిలో పెట్టేసింది. ఎందుకు తీయలేదని అడిగితే, "గది వాళ్ల ఇద్దరిది," అన్నది.

ఆ సినిమాతో మా ఊరు మారిపోయిందని రాస్తే ఆపా నన్ను తిడుతుంది. ఇప్పటికీ మా చేతి నీళ్లు తాగని ఇళ్లు అక్కడ ఉన్నాయి. కేసులో సాక్షులు వెనక్కి పోయారు. అయితే ఆ తర్వాత అమ్మ ఆ ఊళ్లోని మా పొలానికి పోవడం మొదలుపెట్టింది. పట్టపగలు, ఊరి నడుమ నుంచి, తలెత్తుకుని నడిచి పోతుంది. నాట్లకు, కోతలకు పోయి సాయంత్రానికి సిరిసిల్లకు వచ్చేస్తుంది. కొత్త పళ్లు కట్టిస్తానని నేను ఎన్నిసార్లు అన్నా ఒప్పుకోలేదు. "గిట్లనే కనవడనియ్యి," అంటుంది.

ఆ సినిమా తర్వాత నేను ఆపా వెంట తిరగడం మొదలుపెట్టాను. కాలేజీ సెలవులన్నీ ఆమె స్కూటీ మీదే గడిచాయి. ఎంత ఎండైనా సొంత నీళ్లు తెచ్చుకునేది కాదు. ఏ ఇంటికి పోతే ఆ ఇంట్లో అడిగి తాగేది. "నీళ్లు అడిగితె మనిషి తలుపు పూరాగ తెరుస్తది," అనేది. ఎదుటివాళ్లు కింద కూర్చుంటే తనూ కింద కూర్చునేది. కెమెరా ఎప్పుడూ వాళ్ల కళ్లకు పైన ఉండకూడదు. ఒకసారి అమ్మ కొండగట్టు అంజన్నకు మొక్కు ఉందంటే తనే తీసుకుపోయింది. అమ్మ దర్శనం చేసుకుని వచ్చేదాకా గుట్ట కింద చెప్పులు కాపలా కాస్తూ, కోతులకు దొరకకుండా కెమెరా సంచి ఒడిలో దాచుకుని కూర్చుంది. అమ్మ బొట్టు పెట్టబోతే నుదురు వెనక్కి తీసి, "కొబ్బరి ఇయ్యి అక్కా, బొట్టు నువ్వు పెట్టుకో," అని చెయ్యి చాపింది. ఇద్దరూ నవ్వుకున్నారు.

మెత్తని మనిషి కాదు ఆపా. నా మీద కూడా చాలాసార్లు విరుచుకుపడింది. ఒక ఇంటర్వ్యూలో నేను "పాపం" అన్నానని దారి పొడుగునా తిట్టింది. "పాపం అన్నవంటె నువ్వు పైన, ఆమె కింద. ఇంకోసారి అన్నవంటె బండి దించేస్త." నిజంగానే దించేది.

కిడ్నీలు పాడైనప్పుడు కూడా ఆమె తీరు అదే. జగిత్యాలలో ఒక ఆసుపత్రికి డయాలసిస్‌కు వచ్చేది. నా కాలేజీ దగ్గరే కాబట్టి నేను పోయి కూర్చునేదాన్ని. పక్క మంచాల మీద ఉన్నవాళ్లను చూసింది. చాలామంది గల్ఫ్ నుంచి వచ్చినవాళ్లు, నడివయసు కూడా రానివాళ్లు. ఎండలో పనిచేసి, నీళ్లు సరిగా తాగక, మూత్రానికి పోతే పని ఆగుతుందని భయపడి ఒళ్లు పాడుచేసుకున్నవాళ్లు. పెగడపల్లి నుంచి వచ్చే ఒకాయన, "అక్కా, ఆడ మేస్త్రి మాకు నీళ్లు తాగెతందుకు గూడ టైం పెట్టిండు," అన్నాడు. ఆపా నా వైపు తిరిగింది. ఒక చేతికి సూదులు, గొట్టాలు ఉన్నాయి. రెండో చెయ్యి చాపి, "బిడ్డా, సంచి అందుకో," అన్నది.

ఆసుపత్రివాళ్లు లోపల తీయొద్దన్నారు. రోగుల మర్యాద కోసం కాబట్టి అది సరైన మాటే అని ఒప్పుకుంది. తర్వాతి విడత నుంచి గేటు బయట చాయ్ బండి దగ్గర తీయడం మొదలుపెట్టింది. వాళ్లు లోపలికి పోయే ముందు, వచ్చిన తర్వాత. ఇష్టమైనవాళ్లనే. డయాలసిస్ అయ్యాక ఆమెకు నిలబడే శక్తి ఉండేది కాదు. చాయ్ బండి స్టూలు మీద కూర్చుని తీసేది. ఇంటికి పోయి పండుకోమని నేను బతిమాలాను.

"పండుకుంటె ఏమైతది?"

"ఇంకొన్ని దినాలు ఉంటవు గదా ఆపా."

"ఉండి?"

ఆమె కెమెరా సరిచేసుకుంటూ, "నాకు రోగమే అచ్చింది, నోరు వోలే. వాళ్లకు నోరున్నది, అడిగేటోళ్లు లేరు. గీ పని సగం జేసి సావద్దు అనుకుంటున్న. సగంల సస్తె మీరు జెయ్యుండ్రి," అన్నది. సగంలోనే పోయింది. మేం చేస్తున్నాం. పెగడపల్లి ఆయన ఇంకా చెప్పాల్సినవి చెబుతానన్నాడు. ఆపా మరదలు కెమెరా పట్టడం నేర్చుకుంటున్నది. ప్రశ్నలు నేను అడుగుతాను. ఆ హార్డ్ డిస్కుల కోసం వచ్చినాయన మళ్లీ వస్తే రానివ్వండి.

ఆపాను ఆ రోజే సాయంత్రం నమాజు తర్వాత ఖననం చేశారు. సిరిసిల్ల నుంచి అమ్మతోపాటు గల్లీ ఆడవాళ్లు వచ్చారు. బీడీలు చేసేవాళ్లు, సాంచెలకు నూలు కండెలు చుట్టేవాళ్లు. చందుర్తి వైపు నుంచి ఆ పిల్లవాడి తల్లి వచ్చింది. కోరుట్ల ఆడవాళ్లు బుర్ఖాల్లో గుమికూడారు. ఖబరస్తాన్ లోపలికి ఆడవాళ్లు పోరు. ఇంట్లోనే ఉండిపొమ్మని ఎవరో అన్నారు. ఎవరూ వినలేదు. జనాజా పాడె వెనుక దూరంగా నడిచి, ఖబరస్తాన్ గోడ ఇవతల మెట్‌పల్లి రోడ్డు పక్కన వరుసగా నిలబడ్డాం.

ఆపా మేనమామ వచ్చాడు. బాగా ముసలివాడయ్యాడు. పాడెకు భుజం పట్టాడు. అమ్మ నాకు వినపడేటట్లు, "ఇయ్యాల మోత్తున్నడు. బతికున్నప్పుడు ఒక్క మాట జెప్తే అయిపోతుండె," అన్నది.

ఎండ ఇంకా తగ్గలేదు. గోడ మీది నుంచి మగవాళ్ల తలలు, టోపీలు మాత్రమే కనబడుతున్నాయి. పార చప్పుడు, మట్టి పడుతున్న చప్పుడు వినపడుతున్నాయి. అంతలో ఒక ఆర్టీసీ బస్సు వచ్చి మా ముందు ఆగింది. ఎవరమూ చెయ్యి ఎత్తలేదు. ఇంతమంది ఆడవాళ్లు రోడ్డు పక్కన నిలబడేసరికి బస్సు కోసమే అనుకున్నట్లున్నాడు డ్రైవరు. కండక్టరమ్మ తలుపులోంచి వంగి కేకేసింది.

"ఎక్కుండ్రమ్మా, జల్ది ఎక్కుండ్రి. ఫ్రీ టికెట్‌కు ఆధార్ కార్డులు చేతుల పట్టుకోండ్రి. ఎటు వోవాలె?"

ఎవరూ కదల్లేదు.

"ఎటు వోవాలెనమ్మా?"

అమ్మ ఆమె వైపు చూసి, "మేమెటు వోం. నువ్వు వో బిడ్డా," అన్నది.

బస్సు కదిలింది. లేచిన దుమ్ము మా చీరల మీద, బుర్ఖాల మీద పడింది. ఎవరూ దులుపుకోలేదు. గోడ అవతల మట్టి పోస్తూనే ఉన్నారు. మేం రోడ్డు పక్కన అట్లాగే నిలబడి ఉన్నాం.